రెండోసారి అడగని ఊరు

గిన్నె ఖాళీగా తిరిగొచ్చింది.

కింది ఇంటి పర్విజ్ మెహ్రాబీ ఆ స్టీలు గిన్నెను రెండు చేతులతో మర్యాదగా హారికకు అందించి, "దాంకె" అని జర్మన్‌లో ఒక్క ధన్యవాదం చెప్పి, మెట్లు దిగిపోయాడు. గిన్నె శుభ్రంగా తోమి ఉంది. తుడిచి కూడా ఉంది. లోపల ఏమీ లేదు.

ఇన్నేళ్ళలో ఎప్పుడూ అలా జరగలేదు. ఈ ఇంట్లోంచి పప్పు వెళ్తే ఆ ఇంట్లోంచి పిస్తాలు వచ్చేవి. గారెలు వెళ్తే దానిమ్మ గింజలు. ఏమీ దొరకని రోజున కనీసం నాలుగు చక్కెర బిళ్ళలు. గిన్నెను ఖాళీగా తిరిగివ్వకూడదన్న శాస్త్రం కరీంనగర్‌లోనే కాదు, ఇరాన్‌లో కూడా ఉందని తెలిసినప్పటి నుంచి హారిక అత్తగారు ఆదిలక్ష్మికి ఆ ముసలి నటుడంటే గౌరవం. ఆయన సినిమా ఆవిడ ఒక్కటి కూడా చూడలేదు. చూడాల్సిన అవసరం కనిపించలేదు.

ఆవిడ వంటింట్లోంచి వచ్చి గిన్నెలోకి చూసింది. కోడలి మొహంలోకి చూసింది. మళ్ళీ గిన్నెలోకి చూసింది.

"ఏం చేసినవే?" అంది.

ఏమైంది అని కూడా అడగలేదు. మనవరాలిని చూడ్డానికి మూడు నెలల వీసా మీద జర్మనీలోని బ్రెమెన్ వచ్చిన మనిషి. విచారణ మీద కాలం వృథా చేసే అలవాటు లేదు.

హారిక గిన్నెను అల్మారాలో పెట్టింది. పెట్టడానికి అవసరమైన దానికంటే ఎక్కువసేపు పట్టింది. చివరికి చెప్పింది.

పర్విజ్ గారికి ఎదురుగా కూర్చుంటే మాట బాగానే వినిపిస్తుంది. ఫోన్‌లో వినిపించదు. అందుకని ఆయన ఫోన్లన్నీ హారికే మాట్లాడుతుంది. డాక్టరు అపాయింట్‌మెంటైనా, ఇంటి ఓనరైనా, కరెంటు కంపెనీ అయినా, ఆవిడ చెవిలోకి వచ్చి ఆవిడ నోటి మీదుగానే ఆయన్ను చేరాలి. పోయిన వారం వచ్చిన ఫోన్ మాత్రం అలాంటిది కాదు. వోల్టర్స్ అనే ఆవిడ, వయసులో చిన్నదే, సినిమా తీస్తోంది. బ్రెమెన్ రేవులో ఓడలు నడిపి రిటైరైన కెప్టెన్ ఒకడు, పెద్ద ఇంట్లో ఒంటరిగా ఉంటూ, ఇండియా నుంచి చదువుకోవడానికి వచ్చిన పిల్లలకు గదులు అద్దెకిస్తాడు. ఆ కెప్టెన్ వేషం పర్విజ్ మెహ్రాబీ వెయ్యాలని ఆవిడ కోరిక.

కెప్టెన్ పేరు పీటర్సన్, అచ్చంగా ఇక్కడి పేరు.

ఆ పేరు మారదని వోల్టర్స్ చెప్పింది. ఆయన యాస ఎందుకలా ఉందో సినిమాలో ఎవరూ అడగరనీ, దానికి కథ ఏదీ అల్లబోననీ చెప్పింది. ఆయన బ్రెమెన్ ముసలాయన, అంతే.

దాని విలువ తెలియాలంటే ఆయన జీవితం కొంచెం తెలియాలి. టెహ్రాన్‌లో తొలి రోజుల్లో పర్విజ్ మెహ్రాబీ కత్తి పట్టిన రౌడీ. హీరో చేతిలో తన్నులు తిన్నా జనం ఆయన కోసమే ఈల వేసేవారట. తర్వాత ఎవరో ఒక దర్శకుడు ఆ చేతిలోంచి కత్తి తీసేసి, పలకా బలపం పెట్టి, పల్లెటూరి పంతులు వేషం వేయించాడు. ఆ సినిమాతో పండితులు కూడా ఆయన పేరు నేర్చుకున్నారు. తర్వాత రాజ్యం మారింది. పాత మొహాలు తెర మీద కనిపించకూడదన్నారు. ఆయన జర్మనీ చేరాడు. ఇక్కడి టీవీలో నలభై ఏళ్ళుగా ఆయన ట్యాక్సీ తోలాడు, కబాబ్ అమ్మాడు, దొంగ సరుకు రవాణా చేశాడు, కూతుళ్ళ ప్రేమలకు అడ్డుపడ్డాడు. ఎక్కువసార్లు మొదటి పావుగంటలోనే చచ్చాడు. ఒక్కసారి కూడా ఇక్కడివాడు కాలేదు.

ఆ రోజు హారిక సగం జర్మనూ సగం హైదరాబాదీ ఉర్దూతో ఈ సంగతి చెబుతుంటే ఆయన మొహం దీపం పెట్టినట్టయింది. కుడిచేయి గుండె మీద పెట్టుకుని తల వంచాడు. "నేనెంతవాణ్ణి, హారికా ఖానుమ్? ముసలివాణ్ణి. నాకంటే అర్హులు ఎందరో ఉన్నారు. వాళ్ళలో ఎవరికైనా ఇమ్మనండి" అన్నాడు.

హారిక ఫోన్‌లో చెప్పింది. "ఆయన వద్దంటున్నారు."

వోల్టర్స్ చాలా బాధపడింది. అర్థం చేసుకున్నానంది. ఫోన్ పెట్టేసింది.

"ఆగు," అంది ఆదిలక్ష్మి. "ఆయన ఒక్కసారి వద్దన్నడు. నువ్వు వద్దన్నడని చెప్పినవ్?"

"ఆయన అన్నదే చెప్పిన, అత్తమ్మా."

"పెండ్లి బంతిల ఎవడన్న మొదటిసారే లడ్డు వేయించుకున్నడానే? నువ్వు వేయించుకున్నవా? మీ నాయిన వేయించుకున్నడా?"

హారిక దగ్గర ఉన్నది ఒక అనుభవం. ఈ దేశం వచ్చిన కొత్తలో భర్త రాకేష్ ఆఫీసువాళ్ళు ఇంటికి టీకి పిలిచారు. ఇంకో ముక్క కేకు కావాలా అంటే, అబ్బే వద్దండీ అంది. వాళ్ళు సరేనని కేకు ఫ్రిజ్‌లో పెట్టేశారు. ఆవిడ చూస్తుండగానే పెట్టేశారు. ఇంటికొచ్చి చద్దన్నంలో పెరుగు కలుపుకుని తింటూ ఆ రోజు నేర్చుకుంది, ఇక్కడ వద్దంటే వద్దనే అని. ఎంత బాగా నేర్చుకుందంటే, తనలాగే వద్దనే మనిషి ఎదురైనప్పుడు గుర్తుపట్టలేనంత.

బొమ్మలకు రంగులేస్తున్న అనూహ్య తలెత్తకుండానే, "నైన్ హైస్ట్ నైన్, నానమ్మా" అంది. వద్దంటే వద్దనే అని ఐదేళ్ళ పిల్లకు కీటా అనే బాలబడిలో నేర్పారు. పాట రూపంలో నేర్పారు కాబట్టి మరిచిపోవడం కష్టం.

"నువ్వు ఊకో," అంది నానమ్మ. "తర్వాత ఏమైంది?"

తర్వాత వారం రోజులు ఆయన ఏదో ఒక వంకతో పైకొచ్చాడు. ఓసారి పుదీనా కట్ట, ఓసారి పేపరు. వెళ్ళేముందు గుమ్మం దగ్గర ఆగి, ఆ అమ్మాయి ఫోన్ ఏమైనా చేసిందా అని అడిగేవాడు. గడ్డం పెంచడం మొదలుపెట్టాడు. ఓడ కెప్టెన్లకు గడ్డముంటుంది కదా. హారిక అది గమనించింది, చలికాలం కదా అనుకుంది. నిన్న మళ్ళీ అడిగితే నవ్వుతూ చెప్పేసింది, మీరు వద్దన్నారు కదా పర్విజ్ సాబ్, ఇంకెందుకు చేస్తారని.

ఆయన గడ్డం నిమురుకున్నాడు. "నిజమే," అన్నాడు. "అన్నాను."

ఈ రోజు గడ్డం గీసుకుని, ఖాళీ గిన్నె పట్టుకొచ్చాడు.

రాకేష్‌కు ఆ రోజు ఇంటి నుంచే పని. విమానం రెక్కల లెక్కలు చూసుకునే మనిషి. చెవులకు హెడ్‌ఫోన్లు ఉన్నా ఇంట్లో జరిగేదంతా వినిపిస్తుంది, అవసరమైనప్పుడు తప్ప. టీ కోసం వంటింట్లోకి వచ్చి, ఎవరూ అడగకుండానే తీర్పు చెప్పాడు. అది ఆయనకూ ఆ సినిమావాళ్ళకూ మధ్య విషయం. మళ్ళీ ఫోన్ చేసి అడిగితే బాగుండదు. వాళ్ళు ఈపాటికి ఎవర్నో పెట్టుకునే ఉంటారు.

"పొరపాటు నాది," అంది హారిక.

"నీది కాదు. ఆయన వద్దన్నడు. నలభై ఏండ్లు ఉన్నడు ఈడ, ఆయనకు తెల్వదా?"

"నీకు ఏడేండ్లు. నీకు తెలుసా?"

ఊరికే అన్న మాట. తగలాలని అన్నది కాదు. కానీ రాకేష్ కప్పు కింద పెట్టాడు. కిటికీలోంచి కింద తడుస్తున్న సైకిళ్ళ వైపు చూశాడు.

"మా మేనేజర్ అడిగిండు," అన్నాడు. "టీమ్ లీడ్ చేస్తవా అని. నాకన్న సీనియర్లు ఉన్నరు కదా, చూడండి అన్న. ఆయన ఓకే అని తల ఊపి, పక్క రూముల మార్కుస్‌ను అడిగిండు."

"మార్కుస్ ఏమన్నడు?" అంది తల్లి.

"యా అన్నడు."

ఎప్పుడు అని అడిగింది హారిక. ఎండాకాలంలో అన్నాడు. ఇప్పుడు నవంబరు. నవంబరు దాకా ఆ మాటను ఆయన ఎక్కడ దాచుకున్నాడో, ఎన్ని భోజనాల పక్కన పెట్టుకుని తిన్నాడో ఆవిడ లెక్కపెట్టలేదు. ఎండాకాలంలో రాకేష్ మాట్లాడ్డం లేదని తను అలిగిన రోజులు మాత్రం గుర్తొచ్చాయి.

ఆదిలక్ష్మి కొడుకు కప్పులో ఇంకొంచెం టీ పోసింది. వద్దన్నాడు. పోసింది.

"అందుకే చెప్తున్న," అన్నాడు రాకేష్ నెమ్మదిగా. "పోయినంక వెనక పడి అడుక్కుంటే ఉన్న ఇజ్జత్ కూడ పోతది. ఆయన్నట్ల చెయ్యకు."

"నీ నడుమ నేను లేను రాకేష్," అంది హారిక. "ఆయన నడుమ నేనున్న."

ఫోన్ తీసుకుని పడకగదిలోకి వెళ్ళింది.

వోల్టర్స్ మొదట గందరగోళపడింది. పెద్దమనిషి ఆరోగ్యం బాగుపడిందా అని అడిగింది. ఆరోగ్యానికేమీ కాలేదని హారిక చెప్పింది. మరి మనసు మార్చుకున్నారా? మనసు మొదట్నుంచీ అదేనని హారిక చెప్పింది. తను అన్నది జర్మన్‌లో ఎంత అసంబద్ధంగా ఉందో హారికకు కూడా వినిపించింది. పొరపాటు తనదేనని, ఆయన మర్యాద కోసం అన్న మాటను తను జవాబుగా అందించానని విడమర్చింది.

వోల్టర్స్ మంచిదే. ఇంకొకాయన వచ్చి చదివి వెళ్ళాడని, ఆయనకు సోమవారం ఖాయం చేసి చెబుతానన్నానని చెప్పింది. శనివారం తను స్వయంగా వస్తానంది. కానీ ఒక్క షరతు. ఈసారి మధ్యలో ఎవరూ ఉండకూడదు. కావాలో వద్దో ఆయన తన నోటితో చెప్పాలి. "స్పష్టంగా" అన్న మాటను రెండుసార్లు అంది.

హారిక మెట్లు దిగి వెళ్ళింది. ఈసారి గిన్నె తీసుకెళ్ళలేదు. ఏం తీసుకెళ్ళినా లంచంలా ఉంటుందనిపించింది.

పర్విజ్ టీ ఇచ్చాడు. కోపం ఉన్నా టీ ఇవ్వకుండా ఉండే పద్ధతి ఆయనకు తెలియదు. తెలిస్తే ఆ రోజు వాడేవాడే. హారిక జరిగిందంతా చెప్పి, మీ వద్దును నేను గుర్తుపట్టి ఉండాల్సింది, మా ఇళ్ళల్లో కూడా ఇంతే కదా అంది.

"పోనీండి," అన్నాడు ఆయన. "నిజంగానే నాకు ఓపిక లేదు."

హారిక నవ్వింది. "ఇది ఏ వద్దు, పర్విజ్ సాబ్? మర్యాద వద్దా, నిజం వద్దా?"

ఆయన నవ్వకుండా ఉండటానికి ప్రయత్నించాడు. నటుడు కాబట్టి కాసేపు నిలబడగలిగాడు. తర్వాత కుర్చీలో వెనక్కి వాలాడు.

"మా దగ్గర దీన్ని తారోఫ్ అంటారు," అన్నాడు. "ఇచ్చేవాడు మూడుసార్లు ఇస్తాడు, పుచ్చుకునేవాడు రెండుసార్లు కాదంటాడు. టెహ్రాన్‌లో నిర్మాతలు మా ఇంటికొచ్చి, నేను కాదంటుంటే మా అమ్మ చేతి వంట తిని, మళ్ళీ అడిగేవారు. ఇన్నేళ్ళలో ఒక్క వేషం కూడా నేను నోరు తెరిచి అడగలేదు, ఖానుమ్."

"మరి ఇక్కడ? ట్యాక్సీ డ్రైవర్లూ, కబాబ్‌లూ?"

"అవి వద్దని ఎప్పుడూ అనలేదు. వెంటనే ఒప్పుకున్నాను. అవి మర్యాద చేసేంత వేషాలు కావు."

ఆ మాట తర్వాత ఇద్దరూ చాలాసేపు టీ తాగారు.

శనివారం అడిగితే ఒక్క మాట 'యా' అనాలి, అంతే చాలని హారిక చెప్పింది. అదెంత పని అన్నాడాయన. అని చూపించమంది. ఆయన లేచి నిలబడి రాజులా 'యా' అన్నాడు. బందిపోటులా అన్నాడు. పెళ్ళికొడుకులా సిగ్గుపడుతూ అన్నాడు. పంతులు వేషంలో కళ్ళజోడు సర్దుకుంటూ అన్నాడు. అన్నీ బ్రహ్మాండంగా ఉన్నాయి. పర్విజ్ మెహ్రాబీలా అనమంటే మాత్రం గొంతు సవరించుకుని, పంచదార ఇంకొంచెం వేసుకోమన్నాడు.

శనివారం వోల్టర్స్ సైకిల్ మీద, తడిసిన రెయిన్‌కోటుతో, చెప్పిన నిమిషానికి వచ్చింది. పర్విజ్ అప్పటికే పై ఇంట్లో సోఫా అంచున కూర్చుని ఉన్నాడు. ఇస్త్రీ చేసిన కోటు. రాకేష్ అనూహ్యను తీసుకుని ఆటస్థలానికి పోతానన్నాడు గానీ పోలేదు. వరండాలో పిల్ల బూట్లు వెతుకుతున్నాడు. అవి ఆయన చేతిలోనే ఉన్నాయి.

ఆదిలక్ష్మి సర్వపిండి చేసి పెట్టింది. వోల్టర్స్ ఒక ముక్క తిని, చాలా బాగుంది, ఇంక చాలు అంది. ఆదిలక్ష్మి ఇంకో రెండు వేసింది. భాష రాకపోవడం వల్ల కొన్ని సౌకర్యాలున్నాయి.

"హెర్ మెహ్రాబీ," అంది వోల్టర్స్, ఆయనకు వినిపించేలా, ఎదురుగా వంగి. "పీటర్సన్ పాత్ర మీరు చేస్తారా?"

ఆయన కుడిచేయి దానంతటదే గుండె మీదికి లేచింది. "మీరు అడగడమే నాకు గొప్ప గౌరవం. కానీ నాకంటే..."

హారిక తన కప్పులోకి చూస్తూ ఉండిపోయింది. మధ్యలో ఎవరూ ఉండకూడదన్నారు. వరండాలో బూట్ల వెతుకులాట ఆగిపోయింది.

పర్విజ్ వాక్యం పూర్తి చెయ్యలేదు. చేతిని గుండె మీద నుంచి తీసి మోకాలి మీద పెట్టుకున్నాడు, ఆ చెయ్యి తనది కాదన్నట్టు.

"యా," అన్నాడు. "నాకు కావాలి."

అందులో రాజు లేడు, పెళ్ళికొడుకూ లేడు. అన్న తర్వాత ఆయన నేల వైపు చూశాడు. పరాయి ఇంట్లో, ఆడవాళ్ళ ముందు, చెయ్యి చాపి అడిగినవాడి మొహం అది. హారికకు ఇజ్జత్ గురించి రాకేష్ అన్న మాట గుర్తొచ్చింది.

వోల్టర్స్‌కు మాత్రం అదేమీ పట్టలేదు. మొహం విప్పారింది. ఇంతే కదా, ఇది చాలు అంది. సంచిలోంచి కాగితాలు తీసింది. ఐతే ఆ ఇంకొకాయనకు ఇవాళే ఫోన్ చేసి చెప్పేస్తానంది. హాంబుర్గ్ నుంచి రైల్లో వచ్చి చదివి వెళ్ళాడు పాపం, ఆయన కూడా ఇరాన్ నటుడే, హెర్ తవక్కులి.

పర్విజ్ తలెత్తాడు. "బహ్రామ్?"

"మీకు తెలుసా?"

తెలియకపోవడమేమిటి. టెహ్రాన్ రోజుల్లో హీరో బహ్రామ్, రౌడీ పర్విజ్. ఒక సినిమా తర్వాత ఒక సినిమాలో ఈయన ఆయన్ను పొడిచేవాడు, ఆయన లేచి ఈయన్ను తన్నేవాడు. జర్మనీకి బహ్రామ్ ముందొచ్చాడు. పర్విజ్ వచ్చిన కొత్తలో ఒక టీవీవాళ్ళు బహ్రామ్‌ను పిలిస్తే, నాకు ఒంట్లో బాగాలేదు, నా మిత్రుణ్ణి తీసుకోండి అని చెప్పి తన వేషాన్ని ఇటు పంపాడు. బహ్రామ్‌కు ఆ రోజు ఏ జబ్బూ లేదని పర్విజ్‌కు ఏళ్ళ తర్వాత తెలిసింది. ఆ తర్వాత బహ్రామ్‌కు వేషాలు రాలేదు. బట్టలు ఉతికి ఇస్త్రీ చేసే దుకాణం పెట్టుకున్నాడు. ఇప్పుడు అదీ మూసేశాడు.

ఇదంతా ఆయన ముక్కలుముక్కలుగా చెప్పాడు. తర్వాత అడిగాడు. "మీరు అడగ్గానే ఒప్పుకున్నాడా?"

"నా మాట పూర్తికాకముందే."

"బహ్రామా?" అన్నాడు పర్విజ్. "టీ ఇస్తే ముగ్గురు బతిమాలాలి."

ఆదిలక్ష్మి ఏమంటున్నాడే అని కోడలి మోచెయ్యి పొడిచింది. హారిక చెప్పలేదు. ఒక మనిషి ఎంత ఆకలి మీద ఉంటే మొదటిసారే విస్తరి ముందుకు తోస్తాడో ఆవిడ ఆలోచిస్తోంది.

"ఫోన్ చెయ్యండి, ఖానుమ్," అన్నాడు పర్విజ్. వోల్టర్స్ అది తన పని అని అడ్డు చెప్పబోయింది. ఆయన వినిపించుకోలేదు. ఈసారి కావాలనే వినిపించుకోలేదు. "నేను యా అన్నానని చెప్పండి. నువ్వు ఊఁ అంటే వదిలేస్తానని కూడా చెప్పండి. ఆయన ఏమంటే అది నాకు చెప్పండి. ఉన్నదున్నట్టు."

హారిక వోల్టర్స్ దగ్గర నంబరు తీసుకుని కలిపింది. అవతల వెంటనే ఎత్తారు. ఫోన్ పక్కనే కూర్చున్నట్టు.

ఆవిడ అంతా చెప్పింది. పర్విజ్ పేరు వినగానే ఆ ముసలి గొంతు నిండుగా నవ్వింది. మన పర్విజేనా, ఎలా ఉన్నాడు, మోకాలు నొప్పి తగ్గిందా అని అడిగింది. తర్వాత, చక్కటి జర్మన్‌లో, ఒక్క మాట కూడా తడబడకుండా అంది.

"పర్విజ్ ఉండగా నేనెవర్నమ్మా? అది ఆయనదే. నేను సంతోషంగా ఇచ్చానని చెప్పండి."

హారిక తలెత్తింది. వోల్టర్స్ కలం పట్టుకుని ఉంది. ఆదిలక్ష్మి పళ్ళెం పట్టుకుని ఉంది. వరండా గుమ్మంలోకి వచ్చిన రాకేష్ చేతిలో చిన్న బూట్లు వేలాడుతున్నాయి. పర్విజ్ చెవి వెనక చెయ్యి పెట్టుకుని ముందుకు వంగాడు.

"ఏమన్నాడు?"

ప్రతి మాటా స్పష్టంగా వినిపించింది. ఒక్కటి కూడా కష్టమైన మాట కాదు. అది మర్యాద వద్దో, నిజం వద్దో మాత్రం హారికకు వినిపించలేదు. ఫోన్ చెవికి ఇంకాస్త దగ్గరగా పెట్టుకుంది.

అవతల బహ్రామ్ ఇంకా ఫోన్ పెట్టలేదు.